నిమ్మ, బత్తాయి కుకీలు: రోల్ చేసి ఫ్రీజర్‌లో పెట్టుకుని కోసి కాల్చేవి, మన తిరుపతి ఎండలో ఎలా చేయాలి?

కొండకింద_ఇల్లు

అందరికీ నమస్కారం. మాది తిరుపతి, ఎం.ఆర్.పల్లి వైపు. ఈ ఊర్లో ఇల్లున్నవాళ్లకి వేరే చెప్పక్కర్లేదు, దర్శనానికి వచ్చే చుట్టాలు ఎప్పుడు తలుపు తడతారో తెలీదు. కొందరు రాత్రి బస్సు దిగి నేరుగా వచ్చేస్తారు, కొందరు కొండ దిగి రైలుకి ఇంకా రెండు గంటలు ఉందని వస్తారు. వాళ్లకి కాఫీతో పాటు అప్పటికప్పుడు కాల్చింది ఏదైనా పెట్టాలని నాకు చాలా ఆశ. పిండి కలిపి రోల్ చుట్టి ఫ్రీజర్‌లో పెట్టుకుని, కావాల్సినప్పుడు బిళ్లలుగా కోసి బేక్ చేసే కుకీలు ఉంటాయి కదా, అవి నాకు సరిగ్గా సరిపోతాయి అనిపించింది. నిమ్మ వాసనతో ఒక రకం, బత్తాయితో ఒక రకం చేయాలని ఉంది.

ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంది, కేకులు చేయడం వచ్చు. కుకీల సంగతే తెలీదు. నిమ్మరసం ఎంత పోయాలి? గుడ్డు లేకుండా కుదురుతుందా? వచ్చేవాళ్లలో చాలామంది కొండకి పోతూ గుడ్డు ముట్టరు, శనివారమైతే మా ఇంట్లోనే ముట్టం. ఇంకో పెద్ద టెన్షన్ ఏందంటే, ఈ ఎండలో వెన్న బయట పెట్టిన కాసేపటికే నూనె అయిపోతుంది, అలాంటప్పుడు రోల్ చుట్టడం ఎలా? చిన్న చిన్న విషయాలు కూడా వదలకుండా చెప్పండి, ప్లీజ్.

చిత్తూరు_వంటిల్లు

చెల్లీ, గుడ్డు అసలు అక్కర్లేదు, ఆ టెన్షన్ తీసేయ్. ఈ కుకీలకి లెక్క చాలా సులువు. మైదా మూడు పాళ్లు, వెన్న రెండు పాళ్లు, చక్కెర ఒక పాలు, అన్నీ తూకంలోనే. అంటే 200 గ్రాముల మైదాకి 130 గ్రాముల వెన్న, 70 గ్రాముల చక్కెర. నేను 200లో 30 గ్రాములు తీసేసి ఆ మేరకు సన్నటి బియ్యప్పిండి వేస్తాను, కొరికితే ఇసుక రాలినట్టు గుల్లగా విరుగుతుంది. స్కాట్లాండ్ వాళ్ల షార్ట్‌బ్రెడ్‌లో కూడా బియ్యప్పిండి కలిపే పద్ధతి ఉంది, కాబట్టి ఇదేదో మనం సర్దుకోవడానికి వేసేది అనుకోవద్దు.

ఉప్పు పావు స్పూను. ఉప్పు వెన్న వాడితే అదీ వద్దు. బేకింగ్ పౌడర్ వేయకు, వేస్తే బిళ్ల పొంగి అంచు గుండ్రం చెదిరిపోతుంది.

ఇక వాసన. రసం గురించి అడిగావు, అసలు రసం మర్చిపో. నిమ్మకాయ తొక్క మీది పచ్చ పొర, అదే కావాలి. కాయని కోయకముందే సన్న చిల్లుల తురుము పీట మీద తురుముకోవాలి, కోశాక తురమడం నరకం. మన నిమ్మకాయలు చిన్నవి, తొక్క పలచన, అందుకని ఈ కొలతకి ఐదారు కాయల తొక్క పడుతుంది. బత్తాయి అయితే పెద్దవి రెండు చాలు. ఒక్కో చోట రెండు సార్లకి మించి గీకొద్దు, పచ్చ పొర పోయి తెలుపు కనిపించగానే కాయ తిప్పెయ్. ఆ తెలుపు పడితే చేదు, ఎంత చక్కెర వేసినా కప్పలేవు.

బేకరీ_పని

అక్క చెప్పిన కొలత కరెక్ట్. నేను చాలా ఏళ్లు బేకరీల్లో పని చేశాను, ఇప్పుడు ఇంట్లోనే ఆర్డర్లు చేస్తున్నా. ఒక్క మాట కలుపుతా. ఎండాకాలంలో వెన్నని మెత్తబడనిచ్చి చక్కెరతో గిలకొట్టే పద్ధతి వద్దమ్మా. వెన్న 32, 35 డిగ్రీల దగ్గర పూర్తిగా కరిగిపోతుంది, మే నెలలో మన వంటగది అంతకంటే వేడిగా ఉంటుంది. గిలకొట్టే లోపే కరిగి విడిపోతుంది, ఆ పిండి ఓవెన్‌లో పడగానే పరుచుకుని ఒకదానికొకటి అంటుకుంటాయి.

దానికి బదులు ఫ్రిజ్‌లోంచి తీసిన గట్టి వెన్నని చిన్న ముక్కలుగా కోసి, మైదా, చక్కెర పొడి కలిపిన దాంట్లో వేసి, మిక్సీ పెద్ద జార్‌లో ఆపి ఆపి తిప్పండి. రెండు సెకన్లు తిప్పడం, ఆపడం. రవ్వ రవ్వగా అవుతుంది, ఇంకొంచెం తిప్పితే ముద్దగా కట్టుకోవడం మొదలవుతుంది, అక్కడ ఆపేసి చేత్తో ఒత్తితే ముద్ద అయిపోతుంది. కట్టుకోకపోతే చల్లటి పాలు ఒక స్పూను, అంతే. నీళ్లు ఎక్కువైతే మైదా సాగుతుంది, కుకీ గట్టిపడుతుంది.

పొద్దున్నే ఆరు లోపు చేయండి. జార్, మైదా కూడా ముందురోజు రాత్రే ఫ్రిజ్‌లో పెట్టేస్తే సగం సమస్య పోయినట్టే.

కొండకింద_ఇల్లు

చాలా థాంక్స్ అక్కా, అన్నా. రసం అసలు వద్దంటే నాకు నమ్మబుద్ధి కావడం లేదు. నిమ్మకాయ అంటేనే పులుపు కదా. పులుపు లేకుండా ఉట్టి వాసనతో నిమ్మ కుకీ అని ఎలా తెలుస్తుంది?

కెమిస్ట్రీ_టీచర్

ఇది నాకు ఇష్టమైన విషయం, కాస్త పొడుగ్గా రాస్తాను, ఓపిగ్గా చదవండి.

నిమ్మ జాతి పండ్లన్నిటికీ రంగున్న పై తొక్కలో కంటికి చుక్కల్లా కనిపించే నూనె తిత్తులు ఉంటాయి. బత్తాయి తొక్కని దీపం దగ్గర మడిచి నొక్కితే చిటపటమని మంట లేస్తుందే, అది ఆ నూనె. అందులో ఎక్కువ భాగం లిమోనీన్ అనే పదార్థం, నిమ్మకైతే దానితో పాటు సిట్రాల్ ఉంటుంది, మనం నిమ్మ వాసన అని గుర్తుపట్టేది ప్రధానంగా సిట్రాల్‌నే. ఈ రెండూ నీళ్లలో కరగవు, కొవ్వులో బాగా కరుగుతాయి. కుకీలో వెన్న అంత ఉంటుంది కాబట్టి ఆ వాసనని అది పట్టుకుని ఉంచుతుంది. అందుకే తొక్క తురుము వేసిన కుకీకి వాసన నిలుస్తుంది.

రసంలో ఉండేది ముఖ్యంగా నీళ్లు, సిట్రిక్ ఆమ్లం, కొంచెం చక్కెరలు. వాసన నూనె చాలా తక్కువ. ఓవెన్‌లో ఆ నీళ్లు ఆవిరైపోతూ ఉన్న కాస్త వాసనని కూడా వెంట తీసుకుపోతాయి. పైగా ఆ నీళ్లకి మైదాలో గ్లూటెన్ అనే జిగురు సాగుతుంది. ఆమ్లం ఎక్కువైతే కుకీ ఎర్రబడటం కూడా తగ్గుతుంది, పైన తెల్లగా ఉంది కదా అని ఇంకా కాల్చేస్తాం, ఎండిపోతుంది.

పులుపు కావాలంటే దారి ఉంది. కిరాణా కొట్లో నిమ్మ ఉప్పు అని అమ్ముతారు, అది సిట్రిక్ ఆమ్లమే, పొడిగా ఉంటుంది, నీళ్ల గొడవ లేదు. 200 గ్రాముల మైదాకి పావు స్పూను, మెత్తగా పొడి చేసి చక్కెరలో కలపండి. అంతకంటే వేయకండి, నాలుక మీద కరకరా గుచ్చుతుంది.

ఇంకొకటి. తురుముని నేరుగా పిండిలో వేయకుండా చక్కెరతో కలిపి వేళ్లతో బాగా నలపండి. చక్కెర పలుకులు ఆ నూనె తిత్తుల్ని చిదిమేస్తాయి, చక్కెర తడిగా, కొద్దిగా రంగుగా మారుతుంది. అప్పుడే ఇల్లంతా వాసన వస్తుంది. ఆ చక్కెరనే మిక్సీలో వేసి పొడి చేసుకుంటే ఒకే పనిలో రెండూ అయిపోతాయి.

గూడూరు_తోట

మాది గూడూరు దగ్గర నిమ్మతోట. ఇక్కడి మార్కెట్ నుంచి లారీలు ఎక్కడెక్కడికో పోతాయి, అయినా తొక్క కోసం కాయ కొనేవాళ్లని నేను ఈ మధ్యే చూస్తున్నా, సంతోషంగా ఉంది. కాయ ఎంపిక గురించి చెప్తాను.

రసానికి అయితే పసుపు తిరిగి, తొక్క పలచబడి, చేత్తో నొక్కితే మెత్తగా ఉండే కాయ మంచిది. తొక్కకి అది పనికిరాదు, తురుము పీట మీద పెట్టగానే తెలుపు వచ్చేస్తుంది, కొన్నిసార్లు కాయే చిట్లుతుంది. మీకు కావాల్సింది ముదురు ఆకుపచ్చ నుంచి లేత పసుపుకి తిరుగుతున్న గట్టి కాయ. గోటితో చిన్నగా గీసి వాసన చూడండి, ఘాటు అక్కడే తెలిసిపోతుంది. తొక్క మీద గోధుమ రంగు గజ్జి మచ్చలు ఉన్న కాయలు తీసుకోవద్దు, రసానికి పనికొస్తాయి కానీ తురుములో ఆ మచ్చలు వస్తాయి.

కాయల్ని గోరువెచ్చటి నీళ్లలో ఉప్పు వేసి రుద్ది కడగాలి, తోటల్లో మందులు కొడతాం, ఉన్న మాట చెప్తున్నా. కడిగాక బాగా తుడిచి ఆరనివ్వండి, తడి కాయ పీట మీద జారుతుంది. మన ఊరి నిమ్మకాయలకి మైనం పూత మామూలుగా ఉండదు, బయటి దేశాల ఆరెంజ్‌లకి ఉంటుంది, వాటినైతే వేడి నీళ్లలో బ్రష్‌తో రుద్దాల్సిందే.

ఎండాకాలం నిమ్మ ధర ఎక్కడికో పోతుంది. కాయ చవగ్గా ఉన్నప్పుడే తొక్క తురిమి, చక్కెరలో నలిపి, చిన్న డబ్బాల్లో ఫ్రీజర్‌లో పెట్టేసుకోండి. రెండు నెలలు వాసన బాగుంటుంది. పులిహోరకో మజ్జిగకో కాయ పిండే ముందు ఒక్క నిమిషం ఆగి తొక్క తురుముకోమని మా ఇంట్లో అందరికీ చెప్తుంటాను. పిండేసిన తొక్క చెత్తబుట్టలో పడుతుంటే పండించినవాడికి బాధగా ఉంటుంది.

పుత్తూరు_పిల్ల

అన్నా, కమలాపండు తొక్కతో చేయొచ్చా? దాని తొక్క వదులుగా ఉంటుంది, తురమబోతే నలిగిపోతుంది.

గూడూరు_తోట

చేయొచ్చు తల్లీ. కాయని గంటసేపు ఫ్రీజర్‌లో పెట్టి తీసి వెంటనే తురుము, గట్టిగా ఉంటుంది. బత్తాయి కంటే కమలా తొక్కకే వాసన తీపిగా ఉంటుంది. నారింజ దొరికితే ఇంకా ఘాటు, కానీ కొంచెం చేదు ఉంటుంది, సగం నారింజ సగం కమలా కలుపుకో.

చిత్తూరు_వంటిల్లు

దబ్బకాయని మర్చిపోయారు అందరూ! ఊరగాయకి దబ్బకాయ కోసేటప్పుడు పై తొక్క కొంచెం తురిమి పక్కన పెట్టుకోండి. ఒక్క కాయకి నాలుగైదు స్పూన్లు వస్తుంది, తొక్క మందం కాబట్టి తురమడం కూడా హాయి. దాని వాసన నిమ్మ కాదు, నారింజ కాదు, వేరే. కుకీలో వేస్తే ఇదేం పండు అని అందరూ అడుగుతారు. కాకపోతే ఘాటు ఎక్కువ, 200 గ్రాముల మైదాకి స్పూనున్నర చాలు.

మదనపల్లె_పెద్దమ్మ

నాకు ఒక సంగతి అర్థం కావడం లేదు. ఇంట్లో మంచి నెయ్యి ఉండగా కొన్న వెన్న ఎందుకు? మేం నెయ్యితోనే నాన్ ఖటాయి చేస్తాం, ఎంత బాగుంటాయో.

బేకరీ_పని

పెద్దమ్మా, నెయ్యితో బాగా వస్తాయి, కానీ రెండు సంగతులు చూసుకోవాలి. వెన్నలో కొవ్వు 80 శాతం చుట్టూ, మిగతాది ఎక్కువగా నీళ్లు. నెయ్యి మొత్తం కొవ్వే. అందుకని 130 గ్రాముల వెన్నకి బదులు 105 గ్రాముల నెయ్యి చాలు, సమానంగా వేస్తే కుకీ నూనె కక్కుతుంది. నెయ్యి పేరుకుని ఉండాలి, కరిగింది వద్దు. మీది మదనపల్లె కాబట్టి చలికాలంలో బయటే పేరుకుంటుంది, తిరుపతి వాళ్లు ఫ్రిజ్‌లో పెట్టాల్సిందే.

రెండోది, రోల్ కోసేటప్పుడు నెయ్యి పిండి పెళుసుగా విరుగుతుంది. కొంచెం పాలు కలిపి ముద్ద చేసి, కోసే ముందు పావుగంట బయట పెట్టాలి. నన్నడిగితే నిమ్మకి వెన్నే బాగుంటుంది, నెయ్యి వాసనే బలంగా ఉండి నిమ్మని వెనక్కి నెట్టేస్తుంది. బత్తాయి, ఏలకులు కలిపి చేస్తే మాత్రం నెయ్యే వేయండి.

మదనపల్లె_పెద్దమ్మ

సరే నాయనా, బత్తాయికి నెయ్యి వేసి చూస్తాను. ఏలకుల మాట బాగుంది.

కొండకింద_ఇల్లు

రోల్ చుట్టడం, కోయడం గురించి ఎవరైనా చెప్పండి. వీడియోల్లో అందరివీ గుండ్రంగా ఉంటాయి, నిజంగా అలా వస్తాయా?

చిత్తూరు_వంటిల్లు

వస్తాయి. ముద్దని రెండు భాగాలు చేసి, ఒక్కో దాన్ని బటర్ పేపర్ మీద పెట్టి దొర్లించి 4 సెంటీమీటర్ల మందం, 13 సెంటీమీటర్ల పొడవు వచ్చేట్టు చెయ్. కాగితం మడిచి, స్కేలు అంచుతో ముద్ద కిందికి నెట్టి బిగిస్తే లోపల గాలి సందులు పోతాయి. సందులు ఉంటే కోసినప్పుడు నడుమ చిల్లులు కనిపిస్తాయి. పేపర్ రెండు కొసలూ చాక్లెట్ చుట్టినట్టు మెలి తిప్పు.

అలాగే ఫ్రిజ్‌లో పెడితే కింది భాగం బల్లపరుపు అవుతుంది. అందుకని ఒక పొడవాటి డబ్బాలో బియ్యం పోసి, రోల్‌ని బియ్యంలో సగం దిగేట్టు పడుకోబెట్టు. గుండ్రం అలాగే ఉంటుంది. బియ్యం మళ్లీ వండుకోవచ్చు, పేపర్ ఉంది కదా. కిచెన్ టవల్ అట్ట గొట్టం ఉంటే దాన్ని నిలువునా కోసి అందులో పెట్టినా సరిపోతుంది.

ఫ్రిజ్‌లో కనీసం మూడు గంటలు. రాత్రంతా ఉంటే ఇంకా మంచిది, మైదా వెన్నని పట్టుకుంటుంది, వాసన కూడా పిండంతా పాకుతుంది. ఫ్రిజ్‌లో నాలుగు రోజులు, ఫ్రీజర్‌లో రెండు నెలలు ఉంటుంది. పేపర్ మీద ఇంకో ప్లాస్టిక్ కవర్ చుట్టి, మూత గట్టిగా ఉన్న డబ్బాలో పెట్టాలి. వెన్న పక్కనున్న వాసనంతా లాగేసుకుంటుంది. మన ఫ్రిజ్‌లో సాంబారు ఉంటుంది, కోసిన ఉల్లిపాయ ఉంటుంది, మల్లెపూలు ఉంటాయి. మల్లెపూల వాసనొచ్చే నిమ్మ కుకీ ఎవరూ తినలేరు.

కోయడానికి పలచటి పదునైన కత్తి. 6, 7 మిల్లీమీటర్ల మందం. ఒక్కో బిళ్ల కోశాక రోల్‌ని పావు వంతు తిప్పు, లేదంటే ఒకే వైపు నొక్కుడు పడి చపటగా అవుతుంది. పొడిపొడిగా విరిగితే మరీ చల్లగా ఉన్నట్టు, పది నిమిషాలు ఆగు. కత్తికి అంటుకుంటే మెత్తబడినట్టు, మళ్లీ లోపల పెట్టు. ఈ కొలతకి 35 నుంచి 40 బిళ్లలు వస్తాయి.

బేకరీ_పని

కాల్చడం నేను చెప్తా. ఓటీజీ 170 డిగ్రీలు, పైనా కిందా రెండు రాడ్లూ, పదిహేను నిమిషాలు ముందు వేడి చేయాలి. కుకీల విషయంలో దీన్ని తగ్గించకండి. ఓవెన్ చల్లగా ఉండగా పెడితే వెన్న కరగడం ముందు జరుగుతుంది, పిండి గట్టిపడటం తర్వాత జరుగుతుంది, ఆ మధ్యలో బిళ్ల పరుచుకుపోతుంది. ఓవెన్ వేడెక్కే వరకు కోసిన బిళ్లలు ట్రేతో సహా ఫ్రిజ్‌లోనే ఉండాలి.

మధ్య అరలో 12 నుంచి 14 నిమిషాలు. ఫ్రీజర్‌లోంచి తీసి కోసినవైతే ఇంకో రెండు నిమిషాలు పట్టొచ్చు. చిన్న ఓవెన్లలో వెనక వైపు వేడి ఎక్కువ, ఎనిమిదో నిమిషంలో ట్రే వెనక్కి ముందుకి తిప్పండి. నల్ల నాన్‌స్టిక్ ట్రే అయితే అడుగు తొందరగా మాడుతుంది, మామూలు అల్యూమినియం ట్రే మీద బటర్ పేపర్ మంచిది. మైక్రోవేవ్ కన్వెక్షన్ వాడేవాళ్లు 155 పెట్టుకోండి, ఫ్యాన్ గాలికి వేడి తొందరగా తగులుతుంది.

అంచు లేత బంగారు రంగు తిరిగి, నడుమ ఇంకా తెల్లగా ఉండగానే తీసేయాలి. ముట్టుకుంటే మెత్తగా ఉంటుంది, ఉడకలేదనిపిస్తుంది, తిరిగి పెట్టొద్దు. ట్రే మీదే ఐదు నిమిషాలు వదిలేస్తే గట్టిపడుతుంది. నిమ్మ కుకీని ఎర్రగా కాల్చితే వెన్న మాడిన రుచి వచ్చి నిమ్మ ఎటో పోతుంది.

రేణిగుంట_బ్యాచిలర్

మాది రూము, ఓవెన్ లేదు, గ్యాస్ స్టవ్ ఒక్కటే. కుక్కర్‌లో ఉప్పు పోసి చేయొచ్చంటారు, నిజమేనా?

చిత్తూరు_వంటిల్లు

చేయొచ్చు తమ్ముడూ. కానీ కుక్కర్‌ని ఖాళీగా అంతసేపు వేడి చేయడం నాకు ఇష్టం లేదు. మందపాటి దబరా కానీ ఇనుప మూకుడు కానీ ఉంటే చూడు. అడుగున ఒక అంగుళం రాళ్ల ఉప్పు పోసి, స్టాండు పెట్టి, మూత వేసి మధ్య మంట మీద పది పన్నెండు నిమిషాలు వేడి చెయ్. బిళ్లల్ని చిన్న పళ్లెంలో పేర్చి, ఆ పళ్లెం కింద ఇంకో పళ్లెం పెట్టు, వేడంతా కింద నుంచే వస్తుంది కాబట్టి ఒకటే పళ్లెమైతే అడుగు నల్లబడుతుంది. సన్న మంట మీద 18 నుంచి 20 నిమిషాలు. పైన రంగు రాదు, రావాలని చూడకు, అడుగు లేత రంగు తిరిగితే అయిపోయినట్టే. మూతకి లోపల ఆవిరి చుక్కలు పడతాయి, పలచటి గుడ్డ చుట్టి మూత పెట్టు. గుడ్డ కొసలు మాత్రం మూత మీదికి తీసి ముడెయ్, మంట దగ్గర వేలాడకూడదు.

రేణిగుంట_బ్యాచిలర్

థాంక్యూ అక్కా. మా ఓనరు వాళ్ల ఫ్రిజ్‌లో రోల్ పెట్టుకోనిస్తారు, వాళ్లకీ నాలుగు ఇస్తాను.

పలమనేరు_రాగి

మైదా గురించి ఎవరూ మాట్లాడలేదు. మా ఇంట్లో షుగర్ ఉన్నవాళ్లు ఉన్నారు, మైదా తగ్గించాలని చూస్తాం. 200 గ్రాములలో 60 గ్రాములు రాగిపిండి వేసి, కమలా తొక్కతో చేస్తున్నాం. రాగి వేయించి వాడాలి, పచ్చి పిండి వాసన కమలాతో పోట్లాడుతుంది. దోరగా వేగిన రాగి వాసనకి కమలా తొక్క బాగా కలుస్తుంది, నిమ్మ మాత్రం అంతగా కలవదు. రాగిలో గ్లూటెన్ ఉండదు కాబట్టి 60కి మించితే బిళ్ల కోసేటప్పుడే విరుగుతుంది. చక్కెర, వెన్న ఎలాగూ ఉంటాయి కాబట్టి షుగర్ ఉన్నవాళ్లకి ఇది మందు అని నేను చెప్పను, ఒకటి తిని ఆగాల్సిందే.

బెల్లంతో చేయొచ్చా అని చాలామంది అడుగుతారు. మన చిత్తూరు బెల్లం వేస్తే రుచి బాగుంటుంది, కానీ బెల్లంలో తడి ఉంటుంది, పిండి జిగటగా అయి కుకీ మెత్తబడుతుంది, తొందరగా నల్లబడుతుంది కూడా. సగం చక్కెర సగం బెల్లం పొడి వేసి, 160 డిగ్రీల మీద కాల్చాలి.

పుత్తూరు_పిల్ల

రంగు కోసం చిటికెడు పసుపు వేయొచ్చా? తురుము వేసినా తెల్లగానే ఉంటాయి కదా.

కెమిస్ట్రీ_టీచర్

ఒక్క చిటికెడు వేస్తే నష్టం లేదు, వాసన తెలీదు. కానీ వంట సోడా వేసిన పిండిలో మాత్రం పసుపు వేయొద్దు, సోడా క్షారం కాబట్టి పసుపు ఎర్రగా మారుతుంది. ఈ కుకీల్లో సోడా లేదు కాబట్టి ఇబ్బంది లేదు. నా అభిప్రాయం అడిగితే రంగు వద్దమ్మా, ఆకుపచ్చ తురుము చుక్కలు పైకి కనిపిస్తుంటేనే బాగుంటుంది.

ఎసెన్స్ సీసాల గురించి కూడా చెప్పేస్తాను. నిమ్మ ఎసెన్స్ మీద బయట నమ్మకం ఎక్కువ ఉంది. తొక్క తురిమే ఓపిక ఉన్న ఇంట్లో దాని అవసరం లేదు. ఒకే ఒక్క వాసన బలంగా కొట్టి ఆగిపోతుంది, తొక్కలో ఉండే రకరకాల పరిమళాలు అందులో ఉండవు.

బేకరీ_పని

సార్ చెప్పింది ఇంటికి నిజం. బేకరీలో రోజుకి వందల కాయలు ఎవరు తురుముతారు సార్, కూలీ గిట్టదు, అందుకే ఎసెన్స్. అందుకే చెప్తున్నా, నిమ్మ కుకీ ఇంట్లో చేసుకోవాల్సిన వస్తువు. కొన్నది దీని దగ్గరికి రాదు.

కొండకింద_ఇల్లు

అందరికీ చేతులెత్తి దండం పెడుతున్నా. చేశాను. నిమ్మ రోల్ ఒకటి, బత్తాయి రోల్ ఒకటి, వెన్నతోనే. పొద్దున్నే ఐదున్నరకి మొదలుపెట్టి జార్, మైదా చల్లగా వాడితే వెన్న అసలు కరగలేదు. బియ్యం డబ్బా చిట్కా అద్భుతం అక్కా, గుండ్రంగా ఉన్నాయి. నిమ్మ ఉప్పు పావు స్పూను వేశాను, నిమ్మ అని ఎవరికీ చెప్పకుండానే తెలిసింది. ఇప్పుడు అర్థమైంది రసం ఎందుకు వద్దన్నారో.

మా పిన్ని వాళ్లు కొండ దిగి వచ్చారు. ఓవెన్ వేడెక్కుతుంటే వాళ్లు స్నానాలు చేసి వచ్చారు, కాఫీ అయ్యేసరికి కుకీలు వచ్చేశాయి. గుడ్డు లేదని చెప్పగానే బామ్మ కూడా తీసుకుంది.

ఒక్కటే, నిమ్మవి బాగా వాసనొచ్చాయి, బత్తాయివి చాలా మెత్తగా ఉంది వాసన, రెండు పెద్ద కాయల తొక్క వేసినా. ఇంకా కాయలు పెంచాలా?

గూడూరు_తోట

పెంచితే చేదు పెరుగుతుందమ్మా, వాసన అంతగా పెరగదు. బత్తాయి గుణమే అంత, దాని తొక్క నిమ్మంత ఘాటు కాదు. రెండు బత్తాయిల తురుముకి ఒక నిమ్మకాయ తురుము కలపండి, బత్తాయి వాసన లేస్తుంది.

చిత్తూరు_వంటిల్లు

దానికి పైన పూత కూడా వెయ్ చెల్లీ. 100 గ్రాముల చక్కెర పొడిలో మూడు, నాలుగు స్పూన్ల బత్తాయి రసం, కొంచెం తురుము కలిపి చిక్కగా చేసి, కుకీలు పూర్తిగా చల్లారాక పైన రాయి. రసం మొత్తం ఒకేసారి పోయకు, స్పూను స్పూను పోస్తూ చూడు, చెంచా మీంచి మెల్లగా జారాలి. ఇక్కడ ఓవెన్ వేడి తగలదు కాబట్టి వాసన ఉన్నది ఉన్నట్టు ఉంటుంది. రసం వాడాల్సిన చోటు ఇదే. కానీ నవంబరు, డిసెంబరు వానల్లో ఈ పూత ఆరదు, జిగటగా ఉంటుంది, ఆ రెండు నెలలు పూత లేకుండా చేసుకో. పూతకి బదులు కోసే ముందు రోల్‌ని తురుము కలిపిన ముతక చక్కెరలో దొర్లించు, అంచు మెరుస్తుంది, నమిలితే కరకరలాడుతుంది.

కొండకింద_ఇల్లు

సరే అక్కా, రెండూ చేస్తాను. ఇంకొక్కటి అడిగి ఆపేస్తాను. పిన్ని వాళ్లు వైజాగ్‌కి పట్టుకుపోతామంటున్నారు. రైల్లో, తర్వాత ఇంట్లో ఎన్ని రోజులు ఉంటాయి?

బేకరీ_పని

పూత లేనివే ఇవ్వండి. కాల్చాక కనీసం రెండు గంటలు జల్లెడ మీద ఆరనివ్వాలి, గోరువెచ్చగా డబ్బాలో పెడితే ఆవిరికి మెత్తబడతాయి. స్టీల్ డబ్బాలో బటర్ పేపర్ వేసి, బిళ్లల్ని పడుకోబెట్టకుండా నిలువుగా పేర్చండి, రైలు కుదుపులకి విరగవు. సందు మిగిలితే కాగితం నలిపి కూరండి. నిమ్మవి, బత్తాయివి ఒకే డబ్బాలో పెట్టొద్దు, నిమ్మ వాసన దానికీ పట్టేస్తుంది. తడి తగలకుండా ఉంటే పది రోజులు నిక్షేపంగా ఉంటాయి. నెయ్యితో చేసినవి ఇంకో నాలుగు రోజులు ఎక్కువ.

మదనపల్లె_పెద్దమ్మ

మధ్యలో మెత్తబడితే 150 డిగ్రీల మీద నాలుగైదు నిమిషాలు పెట్టి చల్లార్చమని చెప్పు, మళ్లీ గుల్లగా అవుతాయి. నెయ్యి, బత్తాయి, ఏలకులతో నేనూ చేశాను. 105 గ్రాముల నెయ్యి సరిగ్గా సరిపోయింది నాయనా.